అటక మీద పాత రీలు దొరికితే ఏం చేయాలి?

మూతబడిన టాకీసు క్యాబిన్‌లోనో, రిటైరై పోయిన టీచరు గారి ట్రంకు పెట్టెలోనో, మీ ఇంటి అటక మీదనో తుప్పు పట్టిన రేకు డబ్బా ఒకటి దొరికిందనుకోండి. మూత తీస్తే గుప్పున వెనిగర్ వాసన. లోపల గోధుమరంగు ఫిలిం చుట్ట. ఎక్కడైనా ప్రొజెక్టర్ దొరికితే ఒకసారి ఆడించి చూద్దామని మనసు లాగుతుంది. ఆ ఒక్క పని మాత్రం చేయొద్దు.

నేను చేశాను. శ్రీశైలం డ్యాం మునకలో పోయిన ఒక ఊరిని, జనం ఖాళీ చేయకముందు, అక్కడ పనిచేసిన టీచరు గారొకరు ఇళ్ళలో వాడే చిన్న సూపర్ 8 కెమెరాతో తీశారు. 50 అడుగుల రీలు. ఆడితే 3 నిమిషాల 20 సెకన్లు. ఆయన పోయాక వాళ్ళబ్బాయి కర్నూలులో నా చేతికిచ్చాడు. తెలిసినాయన దగ్గర పాత ప్రొజెక్టర్ ఉందంటే సంబరంగా పట్టుకెళ్ళాను. నిమిషం తిరిగిందో లేదో టకటకమని చప్పుడు మొదలైంది. గోడ మీద బొమ్మ ఎగిరి ఎగిరి ఒకచోట ఆగిపోయింది. ఆగిన బొమ్మ మధ్యలో బుడగ లేచి, చూస్తుండగానే నల్లగా కాలింది. కంగారులో చేత్తో లాగాను. మొత్తం మూడడుగుల మేర నలిగి, చిరిగి, కాలి పోయింది. మూడడుగులంటే 12 సెకన్లు. ఆ ఊరి బొమ్మ లోకంలో ఇంకెక్కడా లేదు. ఇది చదివే మీకు అలాంటి 12 సెకన్లు పోకూడదనే ఇదంతా రాస్తున్నాను.

ముందు డబ్బా సంగతి

రీలు ముట్టుకోకముందే డబ్బాకు అన్ని వైపులా ఫోటోలు తీయండి. మూత పైన, అడుగున, పక్కన, లోపల. అంటించిన చీటీ, పెన్సిలు రాత, స్టూడియో ముద్ర, పోస్టాఫీసు ముద్ర, దేన్నీ వదలొద్దు. డబ్బా తుప్పు పట్టిందని పారేసి కొత్తదానిలోకి మార్చేవాళ్ళు చీటీని కూడా పారేస్తారు. చీటీ పోతే ఆ రీలు ఏ ఊరిదో, ఏ ఏటిదో తెలియని అనాథ అయిపోతుంది. సగం చిరిగిన చీటీ అయినా కవరులో పెట్టి డబ్బాతోనే ఉంచండి.

ఇంకో పని కూడా అప్పుడే జరిగిపోవాలి. రీలు ఇచ్చినవాళ్ళను అక్కడికక్కడే కూర్చోబెట్టి, ఫోనులో వాయిస్ రికార్డర్ ఆన్ చేసి అడగండి: ఎవరు తీశారు, ఎప్పుడు తీశారు, మీ ఇంటికెలా వచ్చింది, దీనితోపాటు వేరే రీళ్ళుండేవా? ‘మళ్ళీ తీరిగ్గా వచ్చి అడుగుదాంలే’ అనుకున్న ప్రతిసారీ నేను నష్టపోయాను. పెద్దవాళ్ళు మన తీరిక కోసం ఆగరు.

అది ఏ ఫిలిం?

స్కేలు తీసుకుని వెడల్పు కొలవండి. 35 మి.మీ. ఉంటే థియేటర్ ఫిలిం. 16 ఉంటే డాక్యుమెంటరీలకు, ఊరూరా తిరిగి చూపించే ప్రచార వ్యానులకు వాడినది. 8 ఉంటే ఇంట్లో తీసుకున్నది. 8లో మళ్ళీ రెండు రకాలు. రంధ్రం చిన్నగా, బొమ్మ నడిమికి ఎదురుగా ఉంటే 1965లో వచ్చిన సూపర్ 8. కాస్త పెద్దగా, రెండు బొమ్మల మధ్య గీత దగ్గరుంటే అంతకు ముందుది. 16లో రంధ్రాలు రెండు వైపులా ఉంటే మూగది. ఒకవైపే ఉండి, రెండో అంచున వంకర గీతలు గానీ గోధుమరంగు పట్టీ గానీ ఉంటే శబ్దం ఉన్నట్టు.

అంచుల్ని భూతద్దంతో చూడండి. ఇంగ్లీషులో ‘సేఫ్టీ’ అని ఉంటే అది తేలిగ్గా అంటుకోని ఫిలిం, ఊపిరి పీల్చుకోవచ్చు. కొడాక్ ఫిలిం అయితే వృత్తం, చతురస్రం, త్రిభుజం, కూడిక గుర్తులాంటివి కనిపిస్తాయి. ఫిలిం తయారైన ఏడాదికి అవి సంకేతం. అయితే ఆ గుర్తులు 20 ఏళ్ళకోసారి తిరిగి వస్తాయి. కాబట్టి 1941దా 1961దా అన్నది బొమ్మలో కనిపించే బట్టల్ని, బండ్లనుబట్టి మీరే తేల్చుకోవాలి.

35 మి.మీ. ఫిలిం 1950ల మొదటి ఏళ్ళది గానీ అంతకన్నా పాతది గానీ అయితే అది నైట్రేట్, అంటే తేలిగ్గా అంటుకునే పాత రకం ఫిలిం కావచ్చు. ఇక్కడ చాలా జాగ్రత్త. నైట్రేట్ ఒకసారి అంటుకుంటే దానికి కావలసిన ఆక్సిజన్ అదే పుట్టించుకుంటుంది, నీళ్ళు పోసినా ఆరదు. 2003 జనవరిలో పూణేలో నైట్రేట్ రీళ్ళున్న గది తగలబడి, దేశం మళ్ళీ చూడలేని మూకీలు, తొలి టాకీలు బూడిదైపోయాయి. అలాంటి రీలని అనుమానం వస్తే ఇంట్లో ఉంచొద్దు, బస్సులో తేవొద్దు, కొరియర్‌లో వేయొద్దు. నీడలో, మనుషులు మసలని చోట పెట్టి, పూణేలోని జాతీయ ఫిలిం ఆర్కైవ్‌కు రాసి, వాళ్ళు చెప్పినట్టు చేయండి. 16, 8 మి.మీ. ఫిలింలకు ఈ భయం లేదు. అవి మొదటినుంచీ సేఫ్టీ ఫిలిం మీదే వచ్చాయి.

బొమ్మ చూడాలని ఉంటే ప్రొజెక్టర్ అక్కర్లేదు. ఒక ఫోనులో తెల్ల తెర పెట్టి, దాని మీద శుభ్రమైన గాజు పలక, పలక మీద ఫిలిం ఆనించి, రెండో ఫోనుతో దగ్గరగా ఫోటో తీయండి. చేతులు కడిగి బాగా తుడుచుకుని, ఫిలింను అంచుల దగ్గరే పట్టుకోవాలి. చిన్నప్పుడు టాకీసు వెనక తెగిన ముక్కలు ఏరుకుని, నీళ్ళు నింపిన బల్బును లెన్సుగా పెట్టి, అద్దంతో ఎండ పట్టి, తాత పంచె మీద బొమ్మ వేసిన మనకు ఇది పెద్ద విద్యేమీ కాదు. నాలుగైదు అడుగులు చూస్తే చాలు. చుట్ట మొత్తం విప్పాలని చూడొద్దు. బిగుసుకున్నచోట లాగితే బొమ్మ పొర ఊడి వెనక చుట్టుకు అంటుకుపోతుంది.

వాసనంటే జబ్బు

వెనిగర్ వాసన వస్తోందంటే అసిటేట్ ఫిలిం (సేఫ్టీ ఫిలింలో ఎక్కువగా వాడిన రకం) కుళ్ళడం మొదలైందని అర్థం. వేడికి, తేమకు ఫిలిం లోంచి అసిటిక్ యాసిడ్ బయటికొస్తుంది. ఆ యాసిడ్ మళ్ళీ కుళ్ళును తొందర పెడుతుంది. ఫిలిం కుంచించుకుంటుంది, వంకర్లు పోతుంది, చివరికి పెళుసై విరుగుతుంది. నా రీలు ప్రొజెక్టర్‌లో చిరగడానికి కారణం అదే. కుంచించుకున్న ఫిలిం రంధ్రాలకు, యంత్రం పళ్ళకు లెక్క కుదరదు. నూటికి ఒక వంతు కుంచించుకున్నా ఆడించడానికి పనికిరాదు.

ఈ వాసన పక్క డబ్బాలకు కూడా అంటుతుంది. కాబట్టి వాసన వచ్చేవాటిని మొదట వేరే గదిలోకి మార్చండి. జబ్బు ఎంత ముదిరిందో తెలియడానికి ఏ-డి స్ట్రిప్స్ అని నీలం కాగితం ముక్కలు దొరుకుతాయి. డబ్బాలో ఒక రోజు ఉంచితే నీలంగానే ఉంటే బాగున్నట్టు, ఆకుపచ్చకు తిరిగితే మొదలైనట్టు, పసుపైతే ఇక ఆలస్యం చేయకూడదన్నట్టు. ముందుగా ఏ రీలు స్కానింగ్‌కు పంపాలో ఆ రంగే చెబుతుంది. చాలామంది బొమ్మ బాగున్న రీలును ముందు పంపుతారు. అది ఆగగలదు. పసుపు తిరిగినది ఆగలేదు.

మన వేసవిలో దాచడం

కర్నూలు, అనంతపురం, కడప ఎండల సంగతి మీకు చెప్పక్కర్లేదు. స్లాబు కింది అటక, మిద్దె మీది రేకుల గది, ఈ రెండూ ఫిలింకు నిప్పుల కొలిమి. ఇంట్లో అన్నిటికన్నా చల్లని కింది గది, ఎండ తగలని గోడ పక్కన బీరువా అరో కొయ్య అరో చూడండి. నేల మీద మాత్రం వద్దు. 2009 అక్టోబరు వరదలో తుంగభద్ర, హంద్రీ కలిసి కర్నూలు పాతబస్తీలో ఇళ్ళలోకి వచ్చినప్పుడు కింది అరల్లో ఉన్న ఫోటోలు, క్యాసెట్లు, రీళ్ళు ఎన్ని బురద పాలయ్యాయో ఊరికి తెలుసు.

చుట్టను అంచుల మీద నిలబెట్టకుండా పడుకోబెట్టాలి. తుప్పు డబ్బా బదులు, గాలి ఆడే పాలీప్రొపిలిన్ డబ్బా మంచిది. వాసన వచ్చే రీలును ప్లాస్టిక్ కవరులో బిగించి కట్టొద్దు, యాసిడ్ లోపలే మగ్గుతుంది. కలరా ఉండలు అసలే వద్దు. ఏసీ గదిలో పెడదామంటే రోజంతా ఒకే చల్లదనం ఉండాలి. రాత్రి చల్లబడి పగలు కాగే గదికన్నా, కొంచెం వెచ్చగా ఉన్నా ఒకేలా ఉండే గది మేలు.

మళ్ళీ వరదొచ్చి రీలు తడిసిపోతే? ఎండలో ఆరేయాలనిపిస్తుంది. వద్దు. చుట్టగా ఉన్న ఫిలిం ఆరితే పొరలు ఒకదానికొకటి అతుక్కుపోతాయి. శుభ్రమైన చల్లని నీళ్ళలో మునిగి ఉండేటట్టు పెట్టి, ఒకటి రెండు రోజుల్లో లాబ్‌కు చేర్చాలి. వీడియో క్యాసెట్టుకు దీనికి వ్యతిరేకం: బురదను డిస్టిల్డ్ వాటర్‌తో కడిగి, నీడలో ఫ్యాను గాలికి నిదానంగా ఆరనివ్వాలి. హెయిర్ డ్రయ్యర్ పెట్టొద్దు.

క్యాసెట్ల గురించి ఇంకో రెండు మాటలు. 1980లు, 90ల పెళ్ళిళ్ళు, తిరునాళ్ళు, లోకల్ కేబుల్ వార్తలు అన్నీ వీహెచ్ఎస్ మీదే ఉన్నాయి. టేపు మీద తెల్లటి బూజు కనిపిస్తే ప్లేయర్‌లో పెట్టకండి, హెడ్డు పాడవుతుంది, తర్వాత పెట్టే క్యాసెట్టుకు కూడా అంటుతుంది. మంచివాటికి వెనకంచున ఉన్న చిన్న ప్లాస్టిక్ పలుకు ముందు విరగ్గొట్టండి. ఇక దాని మీద ఎవరూ పొరపాటున రికార్డు చేయలేరు. ఫిలింకన్నా వీటికే తొందర ఎక్కువ. నడిచే ప్లేయర్లు ఏటికేడు తగ్గిపోతున్నాయి.

స్కానింగ్‌కు ఇచ్చేటప్పుడు

మా పట్టణంలో ఒక షాపుకు మా చుట్టాల పెళ్ళి 16 మి.మీ. రీలు ఇచ్చాం. వారానికి ఒక చిన్న ఎంపీ4 ఫైలు వచ్చింది. దాని మీద షాపు పేరు, వెనక సినిమా పాట. అసలు రీలేదని అడిగితే ‘పనైపోయింది కదా సార్, పారేశాం’ అన్నారు. నాకు మాట రాలేదు. కాబట్టి రీలు చేతికిచ్చే ముందే ఈ సంగతులు కాగితం మీద రాయించుకోండి.

గోడ మీద బొమ్మ వేసి కెమెరాతో తీస్తారా, ఫిలిం స్కానర్ ఉందా? స్కానరే కావాలి, అదీ పళ్ళ చక్రం లేకుండా రోలర్ల మీద నడిచేదై ఉండాలి. కుంచించుకున్న ఫిలిం దాని మీద క్షేమంగా పోతుంది. బొమ్మ స్పష్టత (రిజల్యూషన్) 8, 16 మి.మీ. ఫిలింకు 2K చాలు, 35కు 4K అడగండి. ఫ్రేము అంచులు, రంధ్రాలు కూడా కనిపించేలా కాస్త వెడల్పుగా తీయమనండి, అంచు గుర్తులు అందులోనే ఉంటాయి. గీతలు చెరపడం, రంగులు దిద్దడం, వేగం మార్చడం ఏదీ వద్దనండి. అవన్నీ తర్వాత కాపీ మీద చేసుకోవచ్చు. ఫైలు డీపీఎక్స్‌లో గానీ ప్రోరెస్‌లో గానీ (బొమ్మ నాణ్యతను బాగా నిలిపే ఫైలు రకాలు) ఇవ్వాలి, చూసుకోవడానికి ఎంపీ4 వేరుగా. రీలు డబ్బాతో, చీటీతో సహా తిరిగి రావాలి. ఇలాంటి లాబులు చెన్నై, ముంబై, హైదరాబాదులలో ఉన్నాయి. కుదిరితే మీరే చేత్తో తీసుకెళ్ళండి.

వచ్చిన ఫైలు మూడు చోట్ల ఉండాలి: రెండు వేరు వేరు హార్డ్ డిస్కుల్లో, ఒకటి వేరే ఊళ్ళో చుట్టాల ఇంట్లోనో క్లౌడ్‌లోనో. ఫైలు పేరులో ఏడాది, ఊరు, వరుస సంఖ్య ఉంటే చాలు. ప్రతి ఫైలుకు చెక్‌సమ్ (ఫైలు మారిందో లేదో పట్టిచ్చే సంకేతం) తీసి రాసి పెట్టుకోండి, ఏడాదికోసారి మళ్ళీ తీసి పోల్చండి. తేడా వస్తే ఆ కాపీ చెడిందన్నమాట. వాట్సాప్‌లో మామూలు వీడియోగా పంపితే అది నలిగి చిన్నదైపోతుంది. అలా తిరిగిన కాపీనే చివరికి ‘అసలు’ అనుకుని దాచుకున్న ఇళ్ళు నేను చూశాను.

లేని రీలును వెతకడం

ఇంతవరకూ చేతిలో ఉన్నదాని గురించి. మీ ఊరి బొమ్మ ఎక్కడో పరాయి భద్రపు గదిలో, తప్పు పేరుతో పడి ఉండొచ్చు. వెతకడంలో సగం విద్య పేర్లదే.

కడపను 2005 దాకా ఇంగ్లీషులో సర్కారు వారు సి-యు-డి-డి-ఎ-పి-ఎ-హెచ్ అని రాశారు. కె-ఎ-డి-ఎ-పి-ఎ అని వెతికితే పాత కేటలాగులో ఏమీ దొరకదు. ఆదోని, ఆలూరు, రాయదుర్గం 1953 దాకా బళ్ళారి జిల్లాలోవి, అంతకు ముందు తీసినవాటి కోసం బళ్ళారి కింద వెతకాలి. మార్కాపురం, గిద్దలూరు 1970 దాకా కర్నూలు జిల్లా. 2022లో జిల్లాలు విడిపోయాయి గనుక పుట్టపర్తి బొమ్మ అనంతపురం పేరు మీద, నంద్యాల బొమ్మ కర్నూలు పేరు మీద ఉంటాయి. ‘రాయలసీమ’ అన్న మాటే 1928 నంద్యాల సభలో పుట్టింది. ఇంకా వెనక్కి వెళ్ళాలంటే ‘సీడెడ్ డిస్ట్రిక్ట్స్’ అనో ‘మద్రాస్ ప్రెసిడెన్సీ’ అనో కొట్టాలి. సినిమా వ్యాపారంలో మనల్ని నేటికీ సీడెడ్ అనే అంటారు గదా.

ఊరి పేరు తగలకపోతే సంఘటనతో వెతకండి. 1953 అక్టోబరు 1న కర్నూలు ఆంధ్ర రాష్ట్ర రాజధాని అయింది, నెహ్రూ వచ్చారు, టంగుటూరి ప్రకాశం ముఖ్యమంత్రి అయ్యారు, ఆఫీసులు గుడారాల్లో నడిచాయి. కర్నూలు అని రాయని చోట ఆంధ్ర రాష్ట్రం, నెహ్రూ, ప్రకాశం అన్న మాటలుంటాయి. అలాగే 1950ల మొదట్లో వచ్చిన కరువు, తుంగభద్ర డ్యాం, శ్రీశైలం డ్యాం, నీలం సంజీవరెడ్డి.

ఎక్కడ వెతకాలంటే, మొదట ఫిలిమ్స్ డివిజన్ న్యూస్ రీళ్ళు. 1948లో మొదలైన ఆ ప్రభుత్వ సంస్థ బొమ్మల్ని అప్పట్లో ప్రతి టాకీసూ ఆట ముందు వేయాల్సి వచ్చేది, మన పెద్దలంతా చూసినవే. ఫిలిమ్స్ డివిజన్, పూణేలో 1964లో పెట్టిన జాతీయ ఫిలిం ఆర్కైవ్, రెండూ 2022లో జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థ (ఎన్‌ఎఫ్‌డీసీ)లో కలిశాయి. విదేశాల్లో బ్రిటిష్ పాథే తన న్యూస్ రీళ్ళను యూట్యూబ్‌లోనే పెట్టింది. కేంబ్రిడ్జ్ విశ్వవిద్యాలయ దక్షిణాసియా కేంద్రంలో తెల్లదొరల కుటుంబాలు ఇండియాలో తీసుకున్న ఇంటి ఫిలింలున్నాయి. జమ్మలమడుగు, గుత్తి, కడపల్లో పనిచేసిన లండన్ మిషన్ కాగితాలు లండన్‌లోని సోయాస్ గ్రంథాలయంలో ఉన్నాయి. వాటిలో ఫిలిం ప్రస్తావన కనిపిస్తుందేమో అడగండి. ఉత్తరం రాసేటప్పుడు ‘మా ఊరి ఫిలిం ఏమైనా ఉందా’ అని కాకుండా, ఏడాది, సంఘటన, పేరుకు రెండు మూడు స్పెల్లింగులు రాసి, షాట్ లిస్ట్ అడగండి. ఫిలింలో ఒక్కో షాట్‌లో ఏముందో రాసిన కాగితం అది. కేటలాగులో లేని ఊరి పేరు అందులో బయటపడుతుంది.

ఇక దగ్గరి దారి. మూతబడిన టాకీసుల ఆపరేటర్లను కలవండి. తెగిన ముక్కలు, ప్రకటన స్లైడ్లు దాచుకున్నవాళ్ళు వాళ్ళే. పౌర సంబంధాల శాఖ వ్యాను మీద ఊరూరా బొమ్మలు వేసిన వాళ్ళను అడగండి. పాత ఫోటో స్టూడియోలు, 90ల్లో కేబుల్ నడిపినవాళ్ళు, పుట్టపర్తిలో ఏళ్ళుగా ఉన్న విదేశీ భక్తులు కూడా. పాత ఇనుము కొనే అంగళ్ళు మరిచిపోకండి. వెండి తీయడానికి, తూకానికి అమ్మిన రీళ్ళు ఎన్నో.

దొరికిన బొమ్మ నిజంగా మన ఊరిదేనా అని తేల్చుకోండి. ‘కర్నూలులో నెహ్రూ’ అని ఎవరో రాసినంత మాత్రాన అది కర్నూలు కాదు. వెనక కొండారెడ్డి బురుజు ఉందా, బోర్డుల మీద ఏ భాషలున్నాయి, నీడ ఏ వైపు పడింది, అన్నీ పాత ఫోటోలతో పోల్చండి. తేలకపోతే ‘కర్నూలు కావచ్చు’ అనే రాయండి.

హక్కుల మాట కూడా ఉంది. మన చట్టంలో విడుదలైన సినిమాకు హక్కు 60 ఏళ్ళు, ఆ తర్వాతి ఏడాది మొదటినుంచి లెక్క. 1960లో విడుదలైనది 2021 జనవరి 1 నుంచి అందరిదీ. రీలు మీ చేతిలో ఉన్నంత మాత్రాన హక్కు మీది కాదు. ఇంటి ఫిలిం అయితే ఆ కుటుంబం ఒప్పుకున్నట్టు ఒక పేజీ తెలుగులో రాయించుకోండి, మొదటి కాపీ వాళ్ళకే ఇవ్వండి. ఊరి గొడవలు, చావులు, ఊరేగింపులున్న బొమ్మలైతే రెండు వైపుల వాళ్ళనూ అడగనిదే బయట పెట్టొద్దు. చల్లారిన పగను మనం రాజేయకూడదు.

ఊరివాళ్ళకు చూపించడం

ఇది ఆఖరి పని కాదు, అసలు పని. స్కాన్ అయిన బొమ్మను ఆ ఊరివాళ్ళ దగ్గరికి తీసుకెళ్ళి, పెద్ద తెర మీద, నిదానంగా, ఆపి ఆపి చూపించండి. రెండో ఫోనులో వాళ్ళ మాటలు రికార్డు కావాలి. ‘ఇది ఫలానా వీధేనా’ అని అడగొద్దు, అవునంటారు. ‘ఇదేంటవ్వా’ అని అడిగి ఊరుకోండి.

టీచరు గారి రీలును, మునక నుంచి వచ్చి స్థిరపడినవాళ్ళున్న ఊళ్ళో ఒక సాయంత్రం ఇలాగే చూపించాం. ఒకవ్వ ముందు కూర్చుని వేలు పెట్టి ఇళ్ళు లెక్కపెట్టింది. ‘ఇది కంసలోళ్ళ ఇల్లు, ఇది మాది, ఈడ యాపచెట్టు.’ ఆకు కూడా సరిగా కనబడని మసక బొమ్మలో ఆమె గాటికి కట్టేసిన ఎద్దు పేరు చెప్పింది. చివరికి అడిగింది: ‘బాయి యాడ నాయనా? యాపచెట్టు దాటినాక బాయి రావల్ల గదా.’

వేపచెట్టు తర్వాత వచ్చేది నేను కాల్చేసిన మూడడుగులే. ఉన్నదున్నట్టు చెప్పాను. ఆమె కాసేపు తెర వైపే చూసి, ఆ బావి గురించి చెప్పడం మొదలుపెట్టింది. నాలుగు మోటలు, రాతి మెట్లు, ఎండాకాలం అడుగున ఎన్ని బిందెల నీళ్ళుండేవో, ఎవరు పడి ఎవరు తీశారో. 40 నిమిషాలు. అంతా రాసి, తేదీ వేసి, ఆ కాగితం మడిచి డబ్బాలో చీటీ పక్కన పెట్టాను. కాలిన ముక్కను కూడా చిన్న కవరులో అక్కడే ఉంచాను.